టేబుల్స్ అన్నీ ఒకటి చేశా, డ్యాష్‌బోర్డ్ పరిగెత్తింది.. మా పిన్ని ఫోన్ మాత్రం 3 వారాలు ఆగిపోయింది

ముందు మీ ఫోన్‌తోనే మొదలుపెడదాం. కాంటాక్ట్స్‌లో ఎవరిదైనా పేరు మార్చి, వెంటనే కాల్ లిస్ట్ తెరిచి చూడండి. చాలాసార్లు కొత్త పేరు టక్కున వచ్చేస్తుంది. కొన్నిసార్లు మాత్రం కాసేపు పాత పేరే కనిపిస్తుంది. బగ్ అనుకుంటాం కానీ, అది తెలిసి చేసిన ఏర్పాటే. ఆండ్రాయిడ్ కాల్ లాగ్ టేబుల్‌లో నంబర్, టైమ్, ఎంతసేపు మాట్లాడాం అనే వాటితో పాటు 'క్యాష్డ్ నేమ్' అని ఒక కాలమ్ ఉంటుంది. కాంటాక్ట్స్‌లో ఉన్న పేరుని తెచ్చి అక్కడ కాపీ చేసి పెడతారు. లిస్ట్‌ని వేలితో జరుపుతున్నప్పుడు ప్రతి నంబర్‌కీ కాంటాక్ట్స్‌లోకి వెళ్లి పేరు వెతకడం కంటే, పక్కనే ఉన్న కాపీ చూపించడం ఫాస్ట్ కదా. అందుకని.

ఈ కాలమ్ గురించి డెవలపర్ల కోసం రాసిన డాక్యుమెంట్‌లో ఒక మాట ఉంటుంది. ఇది కాపీ మాత్రమే, కాంటాక్ట్ మారి ఉంటే ఈ పేరు తాజాది కాకపోవచ్చు అని ముందే చెప్పేస్తారు. ఆ ఒక్క మాట విలువ నాకు ఉద్యోగంలో చేరిన ఏడాదికి గానీ తెలిసిరాలేదు.

ఒకచోట ఉన్న సమాచారాన్ని స్పీడ్ కోసం ఇంకో చోట కాపీ చేసి పెట్టడాన్ని డీనార్మలైజేషన్ అంటారు. మీ ఫోన్‌లో ఇది కొన్ని వందల కాల్స్‌కి జరుగుతుంది. మేం పనిచేసే డేటా వేర్‌హౌస్‌లలో కోట్ల వరుసలకి జరుగుతుంది. ఈ సైట్‌లో మనం ఎక్కువగా చిప్‌సెట్, బ్యాటరీ, కెమెరా మాట్లాడుకుంటాం. ఈసారి మీరు ఫోన్ సర్వీస్‌కి ఇచ్చాక ఆ టికెట్ ఏ టేబుల్‌లోకి పోతుంది, దాన్ని చూసి ఎవరు ఏ నిర్ణయం తీసుకుంటారు అన్నది మాట్లాడదాం. ఎందుకంటే ఆ టేబుల్స్‌లో ఒకటి నేనే కట్టాను, తప్పుగా కట్టాను.

బీటెక్‌లో ఒక పాఠం, ఆఫీసులో ఇంకో పాఠం

కంప్యూటర్స్ చదివిన వాళ్లకి డీబీఎంఎస్ పేపర్ గుర్తుండే ఉంటుంది. ఐబీఎంలో పనిచేసిన కాడ్ 1970లో రిలేషనల్ మోడల్ పేపర్ రాశారు. ఆ తర్వాత వచ్చిన నార్మల్ ఫారమ్స్ అన్నీ మనం బట్టీ పట్టినవే. వాటి సారం ఒక్క ముక్కలో చెప్పాలంటే, ఒక విషయం ఒక్క చోటే ఉండాలి. స్టోర్ అడ్రస్ స్టోర్ టేబుల్‌లోనే ఉండాలి, సర్వీస్ టికెట్‌లో స్టోర్ నంబర్ ఉంటే చాలు. అడ్రస్ మారితే ఒక్క వరుస మారిస్తే పని అయిపోతుంది.

ఆఫీసులో అడుగు పెట్టాక కథ వేరు. రోజువారీ లావాదేవీలు నడిపే డేటాబేస్‌కి ఆ సూత్రం సరే. కానీ వేర్‌హౌస్ పని లెక్కలు తీయడం, అంటే రాయడం తక్కువ, చదవడం ఎక్కువ. రాల్ఫ్ కింబాల్ 1996లో 'ది డేటా వేర్‌హౌస్ టూల్‌కిట్' పుస్తకంలో చెప్పిన స్టార్ స్కీమా ఇప్పటికీ చాలా చోట్ల నడుస్తోంది. మధ్యలో జరిగిన సంఘటనల టేబుల్, అంటే ఫ్యాక్ట్ టేబుల్. చుట్టూ వివరాల టేబుల్స్, అంటే డైమెన్షన్లు. ఫోన్ మోడల్, బ్రాండ్, కేటగిరీ అన్నీ ఒకే ప్రొడక్ట్ టేబుల్‌లో కలిపేస్తారు. అది కూడా డీనార్మలైజేషనే. బిల్ ఇన్మన్ దారి వేరు. ముందు మధ్యలో నార్మలైజ్ చేసిన వేర్‌హౌస్ కట్టు, తర్వాత ఒక్కో డిపార్ట్‌మెంట్‌కి కావాల్సినట్టు వండి వడ్డించు అంటారాయన. ఈ రెండు దారుల మధ్య వాదన నా వయసు కంటే పెద్దది.

ఇప్పుడు మూడో దారి ఒకటి ఫ్యాషన్ అయింది. ఫ్యాక్ట్, డైమెన్షన్ అనే గోలే లేకుండా అన్నీ కలిపి ఒకే పెద్ద టేబుల్ చేసేయడం. నేను పట్టింది ఆ దారే.

నేను ఏం చేశానంటే

2021 చివర్లో హైదరాబాద్‌లో ఉద్యోగంలో చేరాను. మా క్లయింట్‌కి మొబైల్ షాపులు ఉన్నాయి. వాటిలో కొన్నింట్లో సర్వీస్ కలెక్షన్ కౌంటర్లు కూడా ఉండేవి. పాడైన ఫోన్ అక్కడ ఇస్తే వాళ్లే సర్వీస్ సెంటర్‌కి పంపి, బాగయ్యాక తెప్పించి ఇస్తారు. చిన్న ఊళ్లలో ఉన్నవాళ్లకి అది ఎంత పెద్ద సౌకర్యమో మీకు తెలుసు.

ఆ టికెట్ల మీద ఒక డ్యాష్‌బోర్డ్ ఉండేది. 7 టేబుల్స్ జాయిన్ చేస్తే గానీ బొమ్మ పడేది కాదు. ఫిల్టర్ మార్చిన ప్రతిసారీ 40 సెకన్లు. మీటింగ్‌లో అందరూ స్క్రీన్ మీద తిరిగే చక్రాన్ని చూస్తూ కూర్చునేవాళ్లు.

2022 మార్చిలో ఆ పని నాకిచ్చారు. నేను 7 టేబుల్స్‌నీ కలిపి 140 కాలమ్స్ ఉన్న ఒకే టేబుల్ కట్టేశాను. టికెట్ వివరాలు, ఫోన్ మోడల్, బ్రాండ్, స్టోర్ పేరు, మండలం, జిల్లా, విడిభాగాలు, అన్నీ ఒకే వరుసలో. పాత టికెట్లన్నీ ఒకసారి లోడ్ చేసి, ఆ తర్వాత ప్రతి రాత్రి ఆ రోజు టికెట్లు మాత్రమే కలిపేలా జాబ్ పెట్టాను. 40 సెకన్లు కాస్తా 3 సెకన్లయింది. మా లీడ్ టీమ్ మీటింగ్‌లో పేరు పెట్టి మెచ్చుకున్నారు. 23 ఏళ్ల వయసులో అంతకంటే ఏం కావాలి!

సరిగ్గా నెల కూడా తిరగలేదు. 2022 ఏప్రిల్ 4న ఆంధ్రప్రదేశ్‌లో జిల్లాలు 13 నుంచి 26 అయ్యాయి. న్యూస్‌లో చూశాను, మా ఇంట్లో కూడా మాట్లాడుకున్నాం. నా టేబుల్‌కీ దానికీ సంబంధం ఉందని మాత్రం తట్టలేదు.

సంక్రాంతికి ఇంటికి వెళ్తే..

మా పిన్నిది పార్వతీపురం. టైలరింగ్ షాపు. బ్లౌజు డిజైన్లు, కొలతలు, ఆర్డర్లు అన్నీ వాట్సాప్‌లోనే. 2023 సంక్రాంతికి వెళ్లినప్పుడు కొత్త ఫోన్ ఏది కొనాలని అడుగుతుందనుకున్నా. ఆవిడ చెప్పింది వేరే సంగతి. డిసెంబర్ చివర్లో ఫోన్ కిందపడి డిస్‌ప్లే పోయింది. ఎప్పుడూ ఇచ్చే కౌంటర్‌కి వెళ్తే తీసేశారన్నారు. విజయనగరం వెళ్లి ఇచ్చుకోవాలి. షాపు మూసి ఒకసారి ఇవ్వడానికి, ఇంకోసారి పార్ట్ రాలేదని తిరిగిరావడానికి, మూడోసారి తెచ్చుకోవడానికి. పండగ సీజన్‌లో 3 వారాలు తమ్ముడి ఫోన్‌తో నెట్టుకొచ్చింది. పాత ఆర్డర్ల ఫొటోలన్నీ ఆవిడ ఫోన్‌లోనే ఉండిపోయాయి.

"ఇక్కడ జనం రావట్లేదని తీసేశారంటరా. రోజూ నలుగురైదుగురు నిలబడే ఉంటారు. హైదరాబాద్‌లో ఎవరో కంప్యూటర్‌లో చూసి చెప్పారంట. ఏటి లెక్కో ఏటో!" అంది పిన్ని.

ఆ షాపు పేరు వినగానే నాకు నోట మాట రాలేదు. ఆ లెక్క తీసింది నేనే. నవంబర్‌లో క్లయింట్ ఒక రిపోర్ట్ అడిగారు. 24 నెలల్లో జిల్లావారీగా ఎన్ని టికెట్లు వచ్చాయి, తక్కువ వచ్చిన జిల్లాల్లో కౌంటర్ ఉంచాలా వద్దా అని. నా పెద్ద టేబుల్ మీద ఒకే ఒక్క క్వెరీ, ఒక్క జాయిన్ కూడా లేదు. 3 సెకన్లలో ఇచ్చేశాను.

సెలవులు అయ్యాక ఆఫీసుకి వెళ్లి టేబుల్ తెరిచి చూశాను. క్లయింట్ వాళ్ల స్టోర్ మాస్టర్‌లో ఆ షాపు జిల్లా పేరుని 2022 జూన్‌లో 'విజయనగరం' నుంచి 'పార్వతీపురం మన్యం'కి మార్చారు. జూన్ నుంచి లోడ్ అయిన టికెట్ల మీద కొత్త పేరు పడింది. అంతకుముందు టికెట్ల మీద పాత పేరు అలాగే ఉండిపోయింది, ఎందుకంటే పాత వరుసలని నా జాబ్ మళ్లీ ముట్టుకోదు. రిపోర్ట్ 2020 నవంబర్ నుంచి 2022 అక్టోబర్ దాకా. అంటే పార్వతీపురం కౌంటర్ 24 నెలలు చేసిన పనిలో 5 నెలలది మాత్రమే దాని ఖాతాలో పడింది. మిగతా 19 నెలలది విజయనగరం ఖాతాలో కలిసిపోయింది. విజయనగరం నంబర్ చూసి అందరూ ఆహా అన్నారు. పార్వతీపురం నంబర్ చూసి కౌంటర్ ఎత్తేశారు.

ఎక్కడా ఎర్రర్ రాలేదు. జాబ్ ఒక్క రాత్రి కూడా ఫెయిల్ అవలేదు. మొత్తం టికెట్ల సంఖ్య కూడా కరెక్టే. ఒక్క పేరు రెండుగా చీలింది, అంతే.

లీడ్‌కి చెప్పాను. స్టోర్ నంబర్‌తో లెక్క మళ్లీ తీసి క్లయింట్‌కి పంపాం. ఎండాకాలం నాటికి కౌంటర్ తిరిగి పెట్టారు. అంతకుముందు అక్కడ పనిచేసిన అబ్బాయి మాత్రం అప్పటికే వేరే పని చూసుకున్నాడు.

కాపీ చేయడమే తప్పా? కాదు

ఈ కథ విని "చూశావా, నార్మలైజ్ చేయాల్సింది" అనే వాళ్లు ఉంటారు. నేను అలా అనను. మీరు ఫోన్ కొన్నప్పుడు ఇచ్చే బిల్లు తీసి చూడండి. మీ పేరు, షాపు అడ్రస్, మోడల్, ఐఎంఈఐ, ధర, జీఎస్టీ, అన్నీ ఒకే కాగితం మీద కాపీ చేసి ఉంటాయి. డీనార్మలైజేషన్‌కి ఇంతకంటే మంచి ఉదాహరణ లేదు. వచ్చే నెల ఆ ఫోన్ ధర 2,000 తగ్గినా మీ బిల్లు మీద ధర మారకూడదు. బిల్లుకి ఉన్న విలువే అది.

మొబైల్ ఫోన్ల మీద జీఎస్టీ 2020 ఏప్రిల్ 1న 12 శాతం నుంచి 18 శాతానికి పెరిగింది. పన్ను రేటు ప్రొడక్ట్ టేబుల్‌లో ఒక్క చోటే ఉంచి, రేటు మారినప్పుడు దాన్నే దిద్దేశారనుకోండి. 2019లో అమ్మిన ఫోన్ బిల్లుని వేర్‌హౌస్‌లో జాయిన్ చేస్తే 18 శాతం వస్తుంది. అసలు ధర 10,000 ఉన్న ఫోన్ మీద పన్ను 1,200 బదులు 1,800 కనిపిస్తుంది. ఇక్కడ నార్మలైజ్ చేసి, పాత విలువ దాచుకోకపోవడమే తప్పు. అమ్మిన రోజు రేటుని అమ్మకం వరుసలోనే కాపీ చేసి ఉంటే ఏ గొడవా లేదు.

కాబట్టి ప్రశ్న "కాపీ చేయాలా వద్దా" అన్నది కాదు. ప్రతి కాలమ్‌కీ వేయాల్సిన ప్రశ్న ఒకటుంది. నాకు కావాల్సింది అప్పటి విలువా, ఇప్పటి విలువా?

పన్ను రేటు, అమ్మిన ధర, ఆ రోజు వారంటీ ఉందా లేదా.. ఇవన్నీ అప్పటివి. కాపీ చేయండి, మళ్లీ ముట్టుకోకండి. స్టోర్ ఫోన్ నంబర్, మేనేజర్ పేరు ఇప్పటివి. కాపీ చేస్తే పాచిపోతాయి.

అసలు తలనొప్పి మూడో రకంతో. వాటికి రెండు జవాబులూ సరైనవే. పోకో ఉదాహరణ మన పాఠకులకి బాగా తెలుసు. 2018లో పోకో ఎఫ్1 వచ్చినప్పుడు అది షావోమీ సబ్ బ్రాండ్. 2020 జనవరిలో పోకో ఇండియాలో విడి బ్రాండ్ అయింది. 2019లో అమ్ముడైన ఎఫ్1 ఏ బ్రాండ్ కింద లెక్క? ఆ ఏడాది షావోమీ ఎంత అమ్మింది అని అడిగితే షావోమీ కింద. పోకో మొదటి నుంచి ఎలా ఎదిగింది అని అడిగితే పోకో కింద. రెండు ప్రశ్నలూ న్యాయమైనవే. బ్రాండ్ పేరు ఒక్కటే కాలమ్‌గా కాపీ చేసి ఉంటే రెండో ప్రశ్నకి దారి మూసుకుపోయినట్టే.

జిల్లా కూడా ఇదే రకం. వరంగల్ సంగతి ఇంకా ఘోరం. 2016 అక్టోబర్ దాకా వరంగల్ ఒక పెద్ద జిల్లా. తర్వాత అది చీలి వరంగల్ అర్బన్, వరంగల్ రూరల్, జనగామ, మహబూబాబాద్, జయశంకర్ భూపాలపల్లి అయింది. 2021 ఆగస్టులో అర్బన్ హన్మకొండ అయింది, రూరల్ వరంగల్ అయింది, కొన్ని మండలాలు అటూ ఇటూ మారాయి. మీ టేబుల్‌లో వరుస మీద 'వరంగల్' అని ఉందంటే అది పాత పెద్ద జిల్లానా, కొత్త జిల్లానా? స్పెల్లింగ్ ఒకటే. నేల వేరు. జిల్లా పేరు మాత్రమే కాపీ చేసి, స్టోర్ నంబర్ పారేసిన టేబుల్‌లో దీన్ని విడదీయడానికి ఆధారమే మిగలదు.

మరి స్పీడ్ సంగతి?

స్పీడ్ కోసమే కదా ఇదంతా. ఆ లెక్క కూడా తేల్చేద్దాం. ముందు స్టోరేజీ. ఒకే పేరు కోటిసార్లు రాస్తే స్థలం వృథా అని కాలేజీలో చెప్పారు. ఇప్పటి వేర్‌హౌస్‌లు డేటాని కాలమ్‌వారీగా దాస్తాయి. 2013లో వచ్చిన పార్కే లాంటి ఫార్మాట్‌లలో ఒక కాలమ్‌లో మళ్లీ మళ్లీ వచ్చే పేర్లకి చిన్న నిఘంటువు కడతారు. పేరు బదులు దాని నంబర్ మాత్రమే రాస్తారు. 'విజయనగరం' అని తెలుగులో రాస్తే యూటీఎఫ్-8లో 24 బైట్లు. కోటి వరుసలకి 240 ఎంబీ. 60 జిల్లా పేర్లున్న కాలమ్‌కి నిఘంటువు వాడితే ఒక్కో వరుసకి 6 బిట్లు చాలు, ఎందుకంటే 6 బిట్లతో 64 విలువలు రాయొచ్చు. కోటి వరుసలకి 7.5 ఎంబీ. కాబట్టి కాపీ చేస్తే స్థలం అయిపోతుందన్న వాదన ఇప్పుడు పెద్దగా నిలబడదు. కాపీల వైపు ఇది గట్టి పాయింటే.

కానీ అదే నిజాయితీతో జాయిన్ ఖర్చు కూడా చూడాలి. డేటా చాలా మెషీన్ల మీద పరిచి ఉన్నప్పుడు రెండు పెద్ద టేబుల్స్ జాయిన్ చేస్తే, ఒకే నంబర్ ఉన్న వరుసలన్నీ ఒక చోటికి చేరాలి. మెషీన్ల మధ్య డేటా అటూ ఇటూ పరిగెడుతుంది. నిజంగా ఖర్చయ్యేది అక్కడే. ఒక టేబుల్ చిన్నదైతే ఆ అవసరం లేదు. చిన్న టేబుల్ మొత్తాన్ని ప్రతి మెషీన్‌కీ ఒక్కో కాపీ పంపేస్తారు. స్పార్క్‌లో 10 ఎంబీ లోపు టేబుల్ అయితే డిఫాల్ట్‌గా ఇలాగే చేస్తుంది. జిల్లాల టేబుల్, స్టోర్ల టేబుల్, మోడల్స్ టేబుల్ కొన్ని వేల వరుసలు దాటవు. వాటితో జాయిన్ దాదాపు ఫ్రీ.

ఆ గొడవ అయ్యాక నా 7 టేబుల్స్‌ని ఒక్కోటీ విడిగా కొలిచి చూశాను. 40 సెకన్లలో ఎక్కువ భాగం రెండు జాయిన్లదే. ఒకటి టికెట్‌కీ దాని స్టేటస్ మార్పులకీ మధ్య, ఇంకోటి టికెట్‌కీ విడిభాగాలకీ మధ్య. ఆ రెండిటినీ కలిపి, మిగతావి విడిగా ఉంచితే 5 సెకన్లలో వచ్చేస్తోంది. అంటే స్టోర్, జిల్లా లాంటి వివరాలన్నీ కాపీ చేసి నేను సంపాదించింది 2 సెకన్లు. ఆ 2 సెకన్ల కోసమే పార్వతీపురం కౌంటర్ పోయింది. ఈ మాట రాయడానికి ఇప్పటికీ ఇబ్బందిగానే ఉంది.

ఇంకో రెండు ఖర్చులు కూడా లెక్కలో వేసుకోండి. మొదటిది, దిద్దడం. మాస్టర్ టేబుల్‌లో ఒక పేరు మారితే ఒక్క వరుస దిద్దితే సరి. పెద్ద టేబుల్‌లో లక్షల వరుసలు దిద్దాలి. కాలమ్‌వారీగా దాచిన ఫైల్‌ని మధ్యలో గీకి దిద్దడం కుదరదు, ఫైల్‌నే మళ్లీ రాయాలి. రెండోది, బిల్లు. గూగుల్ బిగ్‌క్వెరీ ఆన్-డిమాండ్ ప్లాన్‌లో క్వెరీ చదివిన డేటాని బట్టి డబ్బులు పడతాయి. 140 కాలమ్స్ ఉన్న టేబుల్ మీద ఎవరైనా బద్ధకించి 'సెలెక్ట్ స్టార్' కొట్టారంటే అన్ని కాలమ్స్‌కీ డబ్బు కట్టాల్సిందే.

ఒక టికెట్, రెండు వరుసలు

నా టేబుల్‌లో ఇంకో లోపం కూడా ఉంది. అది జిల్లా కంటే ముందే బయటపడాల్సింది. ఒక ఫోన్‌కి డిస్‌ప్లే, బ్యాటరీ రెండూ మార్చారనుకోండి. విడిభాగాలు కలిపేసరికి ఒక టికెట్ రెండు వరుసలు అవుతుంది. సర్వీస్ చార్జి 300 టికెట్‌కి ఒకటే, కానీ రెండు వరుసల్లోనూ కాపీ అవుతుంది. మొత్తం కూడితే 600. టేబుల్‌లో ఒక వరుస దేన్ని సూచిస్తుంది, టికెట్‌నా, విడిభాగాన్నా అన్నది తేల్చుకోకుండా కలిపేస్తే ఇలాగే ఉంటుంది.

దీనికి మంచి మందు ఉంది. బిగ్‌క్వెరీ లాంటి వాటిలో ఒక వరుస లోపలే చిన్న లిస్ట్ పెట్టుకోవచ్చు. టికెట్ ఒక వరుస, దాని లోపల విడిభాగాల లిస్ట్. గూగుల్ వాళ్లు 2010లో ప్రచురించిన డ్రెమెల్ పేపర్‌లో ఉన్న ఆలోచన ఇది. జాయిన్ తప్పుతుంది, చార్జి రెండుసార్లు పడదు. డీనార్మలైజేషన్‌లో నాకు బాగా నచ్చిన రకం ఇదే.

అవతలి వాదన కూడా వినాలి

మా లీడ్ అన్న మాట ఒకటుంది, అందులో నిజం ఉంది. "నువ్వు 7 టేబుల్స్ ఇచ్చి జాయిన్ చేసుకోండి అంటే, 10 మంది అనలిస్టులు 10 రకాలుగా జాయిన్ చేస్తారు. 10 నంబర్లు వస్తాయి. ఒకే టేబుల్ ఇస్తే తప్పయినా అందరికీ ఒకటే వస్తుంది, ఒకచోట దిద్దితే సరిపోతుంది" అన్నారు. నిజమే. వాడేవాళ్లకి సులువుగా ఉండాలి. క్లయింట్ ఆఫీసులో ఎక్సెల్ తప్ప ఇంకేం తెలియని మేనేజర్‌కి స్టార్ స్కీమా గురించి చెప్పి లాభం లేదు.

అందుకే పెద్ద టేబుల్ వద్దనడం లేదు. దాన్నే అసలు డేటాగా చేసుకోవద్దంటున్నా. అది హోటల్లో టేబుల్ మీదకి వచ్చిన ప్లేట్ లాంటిది. వంటగదిలో బియ్యం, పప్పు, కూరగాయలు విడివిడిగానే ఉండాలి. అన్నీ ముందే కలిపేసి డబ్బాలో పోసి పెట్టుకుంటే రేపు ఉప్మా అడిగినవాడికి ఏం పెడతారు?

ఇప్పుడు మేం చేస్తున్నది ఇది. కింద టికెట్లు, స్టోర్లు, మోడల్స్ విడిగా ఉంటాయి. స్టోర్ టేబుల్‌లో పాత వరుసని చెరిపి దిద్దం, కొత్త వరుస కలుపుతాం. స్టోర్ 41, విజయనగరం, 2022 ఏప్రిల్ 3 వరకు అని ఒక వరుస. స్టోర్ 41, పార్వతీపురం మన్యం, 2022 ఏప్రిల్ 4 నుంచి అని ఇంకో వరుస. కింబాల్ దీన్ని టైప్ 2 అన్నారు. చెరిపి దిద్దడం టైప్ 1. పేర్లలో ఏముంది గానీ, తేడా మాత్రం ఒక కౌంటర్ అంత.

వీటి మీద నుంచి ప్రతి రాత్రి పెద్ద టేబుల్ మొత్తాన్ని కొత్తగా కడతాం. అందులో జిల్లాకి రెండు కాలమ్స్ ఉంటాయి. 'టికెట్ రోజున జిల్లా', 'ప్రస్తుత జిల్లా'. రిపోర్ట్ అడిగేవాళ్లని ముందే అడుగుతాం, మీకు ఏది కావాలి అని. మొదట్లో విసుక్కున్నారు. ఇప్పుడు వాళ్లే అడుగుతున్నారు.

ఫైనల్ వెర్డిక్ట్

ఇక్కడ అలవాటైన పద్ధతిలోనే ముగిస్తా.

ప్లస్‌లు: క్వెరీలు సులువు, డ్యాష్‌బోర్డ్ ఫాస్ట్, పెద్ద టేబుల్స్ మధ్య జాయిన్ బాధ తప్పుతుంది. బిల్లు లాంటి చరిత్ర భద్రంగా ఉంటుంది. స్టోరేజీ ఖర్చు అనుకున్నంత పెరగదు.

మైనస్‌లు: మారే విషయాలు పాతబడతాయి, దిద్దడం ఖరీదు, వరుస అర్థం చెడితే లెక్కలు రెట్టింపు అవుతాయి. అన్నిటికంటే పెద్ద మైనస్, తప్పు జరిగినా ఎర్రర్ రాదు.

ఎవరికి పనికొస్తుంది: కింద అసలు టేబుల్స్ భద్రంగా ఉండి, పెద్ద టేబుల్‌ని ఎప్పుడు కావాలంటే అప్పుడు కూల్చి మళ్లీ కట్టగలిగే వాళ్లకి. నంబర్లు, ఐడీలు పారేయకుండా పేరుతో పాటు ఉంచుకునే వాళ్లకి. ఏ జాయిన్ స్లోగా ఉందో ముందు కొలిచే ఓపిక ఉన్నవాళ్లకి.

ఎవరు ఆగాలి: పెద్ద టేబుల్ కట్టేశాక పాత టేబుల్స్ డిలీట్ చేద్దాం అనుకునే వాళ్లు. 'అప్పటిదా, ఇప్పటిదా' అని అడిగితే "అది తర్వాత చూద్దాం" అనే వాళ్లు. నేను 23 ఏళ్లప్పుడు సరిగ్గా ఆ రకమే.

జూనియర్స్ ఎవరైనా ఇది చదువుతుంటే ఒక్క పని చేయండి. కాపీ చేసిన ప్రతి కాలమ్ పక్కన, ఆండ్రాయిడ్ వాళ్లు కాల్ లాగ్‌కి రాసినట్టు, ఇది ఎక్కడి కాపీ, ఏ రోజుది, తాజాదేనా కాదా అని ఒక లైన్ రాయండి. రెండు నిమిషాల పని. నా టేబుల్‌లో ఆ లైన్ ఉండి ఉంటే, నవంబర్‌లో ఆ రిపోర్ట్ తీసేటప్పుడు ఒక్కసారైనా నా చెయ్యి ఆగేది.

పిన్నికి ఆ లెక్క తీసింది నేనేనని పోయిన పండక్కి చెప్పాను. కాసేపు నా వంక చూసి, "మరి ఇప్పుడు సరిగ్గానే వస్తందా?" అని అడిగింది. వస్తోందని చెప్పాను. అయినా తిరిగి హైదరాబాద్ వచ్చాక, ఆ స్టోర్ నంబర్ కొట్టి ఇంకోసారి చూసుకున్నాను.